తాటిరొట్టె

పండిన తాటికాయ గుజ్జు, బియ్యపు రవ్వ, బెల్లం కలిపి కాల్చే మందపాటి రొట్టె. తాటిచెట్లు విస్తారంగా ఉన్న గోదావరి జిల్లాల్లో, కామవరపుకోట వంటి మెట్ట ఊళ్లలో దీనికి అదను శ్రావణ, భాద్రపద మాసాలు. పండ్లు రాలేది అప్పుడే.

తయారీ: నల్లటి పై తొక్క ఒలిచి, కొద్దిగా నీళ్లు చల్లుకుంటూ టెంకల పీచు నుంచి పసుపుపచ్చని గుజ్జు పిసుకుతారు. పండుకు సాధారణంగా 3 టెంకలుంటాయి. పీచు రాకుండా గుజ్జును వడకట్టి రవ్వ, బెల్లం, కొబ్బరి తురుము, యాలకుల పొడి, చిటికెడు ఉప్పు కలిపి నాననిస్తారు. నూనె రాసిన దళసరి మూకుడులో పోసి, సన్నని సెగ మీద ఉంచి, మూత మీద నిప్పులు పేరుస్తారు. కిందా పైనా సమంగా కాలడమే దీని కీలకం. అంచులు మూకుడును వదిలి, పుల్ల గుచ్చితే పిండి అంటకపోతే రొట్టె ఉడికినట్టు. ఆరాక ముక్కలు కోస్తే విరగవు.

గుణాలు: గుజ్జు రంగుకు కెరోటినాయిడ్లు కారణం. చిరుచేదుకు ఫ్లాబెల్లిఫెరిన్లనే సాపోనిన్లు మూలం. ఆ చేదుకు బెల్లమే విరుగుడు.

సంబంధిత వంటలు: ఇదే గుజ్జుతో తాటిబూరెలు, తాటి ఇడ్లీలు చేస్తారు. బెంగాల్‌లో కృష్ణాష్టమికి చేసే తాలేర్ బొడా వీటికి దగ్గరి చుట్టం.

మిగిలిన టెంకలను పారేయరు. ఇసుకలో పాతితే చలికాలానికి తేగలు, మొలకెత్తిన టెంకను పగలగొడితే బుర్రగుంజు దక్కుతాయి. ఏ భాగమూ వృథా కాని ఈ వంట నిలవాలంటే గట్ల మీది తాళ్లు నిలవాలి.