దేశాధినేత దిగిన నేల

శింగనమలకు చేరువనున్న ఇల్లూరులో 1913లో జన్మించిన నీలం సంజీవరెడ్డిగారు 1977 నుండి 1982 వరకు రాష్ట్రపతి పదవి నలంకరించిరి. రాష్ట్రపతులు దక్షిణాది విడిదికి బొల్లారము నిలయమునకు విచ్చేయునపుడు వారి విమానము సాధారణముగా హకీంపేట వైమానిక స్థావరమున దిగును. అది నిలయమునకు సమీపము, రక్షణకు అనుకూలము. 2000లో క్లింటన్, 2006లో బుష్ దిగినది బేగంపేట. 2008లో పౌరవిమానములు శంషాబాదుకు తరలెను.

మన కరవుసీమలో పుట్టపర్తి విమానాశ్రయము వెలసినది 1990లో. అప్పటికి సంజీవరెడ్డిగారు పదవి వీడి ఎనిమిదేండ్లు. 2023 నవంబరులో రాష్ట్రపతి ద్రౌపది ముర్ముగారు అచ్చట దిగిరి.

శ్రోతలారా, నేల చదునుచేసిన విమానము చెప్పిన వేళకు దిగును. మేఘమునకు అట్టి దారి వేయుట మన చేతిలో లేదు; దిగిన చినుకును చెరువులో నిలుపుకొనుట మాత్రము మన చేతిలోనిదే.