మైసిన్

నిడదవోలు మందుల కొట్టులో గాయానికి రాసుకునే మందు అడిగితే ఎక్కువగా వినబడే పేరు సోఫ్రామైసిన్. అందులోని మందు ఫ్రామైసెటిన్, అంటే నియోమైసిన్-బి. చివరనున్న ‘మైసిన్’ గ్రీకు ‘మైకీస్’ నుంచి వచ్చింది. ఆ మాటకు బూజు, పుట్టగొడుగు అని అర్థం. ఇలాంటి మందులనిచ్చే స్ట్రెప్టోమైసిస్ మట్టిలో బతికే బ్యాక్టీరియా. దారాల్లా అల్లుకుంటుంది కనుక పాతకాలం శాస్త్రజ్ఞులు దాన్ని బూజు కోవలో చేర్చారు. తర్వాత అసలు సంగతి తేలినా పేరు నిలిచిపోయింది.

ఈ కుటుంబంలో ఆరియోమైసిన్‌కి మన వైపు చుట్టరికం ఉంది. లాటిన్‌లో ‘ఆరియస్’ అంటే బంగారు రంగు. 1945లో మిస్సోరీ మట్టిలో దొరికిన పసుపుపచ్చని సూక్ష్మజీవి నుంచి బెంజమిన్ డగ్గర్ దాన్ని తీశారు. డగ్గర్ పనిచేసిన లెడర్లీ ప్రయోగశాలలో పరిశోధనలు నడిపించినవారు యల్లాప్రగడ సుబ్బారావు. ఆయన పుట్టిన భీమవరానికి నిడదవోలు జంక్షన్ నుంచే రైలు చీలుతుంది. 1948లో మందు లోకానికి తెలిసింది, ఆ ఏడాది ఆగస్టులోనే సుబ్బారావు కన్నుమూశారు. కంటికి రాసే ఆయింట్‌మెంట్‌గానూ ఆరియోమైసిన్ వాడుకలోకి వచ్చింది.

పేరులో బూజు ఉంది కదా అని తామరకు, గజ్జల్లో దురదకు సోఫ్రామైసిన్ రాస్తే పనిచెయ్యదు. అది బ్యాక్టీరియా మీదే పనిచేస్తుంది. చిన్న గాయమైతే ముందు శుభ్రంగా కడిగి, పల్చగా రాస్తే చాలు. రాసినచోట ఎర్రబడి దురద పెడితే వెంటనే ఆపాలి, కొందరికి నియోమైసిన్ పడదు. లోతైన గాయాన్నీ, పెద్దగా కాలిన గాయాన్నీ ట్యూబుకి వదిలెయ్యకుండా డాక్టరుకి చూపించాలి.