నిఘంటువు అర్థం, అమీర్‌పేట వాడుక

హైదరాబాద్‌లోని పంజాగుట్ట పేరులో రెండు భాషలున్నాయి. గుట్ట తెలుగు, పంజా పారసీకం. ఐదు అనే అర్థమున్న ‘పంజ్’ నుంచి పుట్టిన పంజా ఐదు వేళ్ల చేతికి పేరైంది. తెలుగువాళ్లకు పంజా అంటే ముందు పులి గోళ్లే గుర్తుకొస్తాయి. మొహర్రం ఊరేగింపులో మాత్రం అది లోహపు హస్తం. పక్కనున్న అమీర్‌పేటదీ ఇదే అల్లిక. అమీర్ అరబ్బీలో అధిపతి, ఉర్దూ వాడుకలో ధనవంతుడు కూడా. పేట తెలుగువాళ్లది.

ఇలాంటి కలగలుపు మాటలను నిఘంటుకారులు తొందరగానే గుర్తించారు. సి.పి. బ్రౌన్ 1852లో తెలుగు-ఇంగ్లిష్ నిఘంటువు వెలువరించాడు. తెలుగులో వాడే అన్యదేశ్యాలకు 1854లో వేరుగా మరో నిఘంటువు అచ్చువేశాడు. 1936లో మొదటి సంపుటం వచ్చిన సూర్యరాయాంధ్ర నిఘంటువుకు కావ్యభాష ప్రధానం. జనం నోటి మాటకు శాస్త్రీయమైన చోటు దక్కింది భద్రిరాజు కృష్ణమూర్తి మాండలిక వృత్తి పదకోశంతో. దాని మొదటి సంపుటం, వ్యవసాయ పదాలది, 1962లో వెలువడింది. తెలంగాణ మాటలకు నలిమెల భాస్కర్ ప్రత్యేకంగా పదకోశం కూర్చారు.

పండుగ మాటల్లో అర్థం ఎలా కదులుతుందో అమీర్‌పేటను ఆనుకుని ఉన్న బల్కంపేటలో కనిపిస్తుంది. అక్కడ ఎల్లమ్మ మూలవిరాట్టు భూమట్టానికి దిగువన ఉంటుంది. ఆషాఢంలో మొదటి మంగళవారం అమ్మవారి కల్యాణం. అదే నెలలో బోనాలు. బోనం ‘భోజనం’ అనే సంస్కృత పదానికి వికృతి. పాత తెలుగులో ఎవరు తిన్నా అది బోనమే. తెలంగాణలో ఆ అర్థం ముడుచుకుని, అమ్మవారి కోసం వండి, పసుపు కుంకుమలూ వేపరెమ్మలూ పెట్టి నెత్తిన ఎత్తుకెళ్లే కుండకు పేరైంది. తినే తిండి నుంచి మొక్కు దాకా వచ్చిన మాట ఇది. 2014లో బోనాలు రాష్ట్ర పండుగ అయ్యాయి. ‘రంగం’ నిఘంటువులో నాటకస్థలం, యుద్ధభూమి. బోనాల వేళ అది పచ్చికుండ మీద నిలబడిన స్త్రీ నోట వినిపించే భవిష్యవాణి. ‘యాత్ర’ నుంచి వచ్చిన జాతర ప్రయాణాన్ని వదిలి, ప్రయాణం ముగిసే చోట జరిగే ఉత్సవమైంది.

ఉర్దూ దారిన వచ్చిన మాటలదీ ఇదే నడక. దావత్ అసలర్థం పిలుపు. తెలంగాణ తెలుగులో అది పిలిచి పెట్టే విందు. పీర్ పారసీకంలో వృద్ధుడు, ఆధ్యాత్మిక గురువు. తెలంగాణ పల్లెల్లో పీరు అంటే మొహర్రంలో ఎత్తే లోహపు గుర్తు. ఆ పండుగే పీర్ల పండుగ, హిందువులూ కలిసి చేసుకునేది.

కంప్యూటర్ కోర్సుల కేంద్రంగా ఎదిగాక అమీర్‌పేట సొంతంగా మాటలు తయారుచేసుకుంది. ఇంగ్లిష్‌లో ఫ్యాకల్టీ అంటే బోధకుల బృందం. అమీర్‌పేటలోని మైత్రీవనం భవనం చుట్టుపక్కల పాఠం చెప్పే ఒక్క సార్ కూడా ‘ఫ్యాకల్టీ’యే. బ్యాచ్ మొదట పొయ్యి మీది మాట. ఒకసారికి కాల్చిన రొట్టెలకు ఆ పేరు, మన ‘వాయి’ లాంటిది. ఇక్కడ అది ఏడు గంటల తరగతికి వచ్చే విద్యార్థుల గుంపు. డెమో అంటే ఫీజు కట్టకముందు ఉచితంగా వినే పాఠం. ఊళ్ల నుంచి వచ్చిన పిల్లలు సబ్జెక్టు కన్నా ముందు నేర్చుకునేవి ఈ మాటలే.

వాడుక మాట ఎల్లకాలం వీధిలోనే ఉండిపోదు. పంజాగుట్టలోని నిమ్స్‌ను పత్రికలు ఆసుపత్రి అని రాసినా, తెలంగాణ జనం నోట ఏ ఆసుపత్రి అయినా దవాఖానే. దవా అంటే మందు, ఖానా అంటే ఇల్లు. 2018లో ప్రభుత్వం హైదరాబాద్‌లో ‘బస్తీ దవాఖానా’లు తెరిచినప్పుడు, మొరటుదని ఒకప్పుడు పక్కనపెట్టిన మాట సర్కారు బోర్డు మీదికెక్కింది. పదం పుట్టుక నిఘంటువు చెబుతుంది, దాని బతుకు వీధి చెబుతుంది. సంస్కృతికి సంబంధించిన మాట పూర్తిగా అర్థం కావాలంటే రెండూ కావాలి.