ప్రెసిషన్ రైఫిల్ పోటీలు

ప్రెసిషన్ రైఫిల్ పోటీ దూరపు గురిని పరీక్షించే తుపాకీ క్రీడ. ఒలింపిక్ రైఫిల్ పోటీలలో భంగిమ, దూరం ముందే నిర్ణయమై ఉంటాయి. ఇందులో మాత్రం చెక్క అడ్డు, నిచ్చెన, టైర్లు, కంచె వంటి ఏ ఆధారం ఎదురైతే దానిమీదనే రైఫిలును నిలిపి, వందలాది గజాల దూరంలోని ఉక్కు పలకలను కొట్టాలి. కొన్ని లక్ష్యాలు 1000 గజాలకు పైబడిన దూరంలో ఉంటాయి. అమెరికాలో 2012లో మొదలైన ప్రెసిషన్ రైఫిల్ సిరీస్ ఈ క్రీడకు ప్రాచుర్యం కల్పించింది.

గురి, స్థిరత్వం

గురిలోని కోణాన్ని సాధారణంగా మిల్లీరేడియన్లలో కొలుస్తారు. ఒక మిల్లీరేడియన్ తేడా 1000 మీటర్ల వద్ద ఒక మీటరు అవుతుంది. కనుక ఆ దూరంలో 30 సెంటీమీటర్ల వెడల్పు గల పలక మధ్యకు గురిపెట్టినపుడు, పక్కకు 0.15 మిల్లీరేడియన్లు మించి కదిలినా తూటా పలకను తాకదు. అందువలన రైఫిలు బరువును కండరాలపై గాక, ఆధారంపై ఉంచిన సంచిపై మోపుతారు. గురి జరిగితే చేతితో రైఫిలును నెట్టక, శరీరాన్నే సర్దుకుంటారు. బలవంతంగా నిలిపిన గురి ట్రిగ్గర్ నొక్కగానే చెదురుతుంది.

సాధన

ఇంటివద్ద ఖాళీ రైఫిలుతో, కుర్చీ, నిచ్చెన ఆధారంగా అభ్యసిస్తారు. తూటాలను వేరే గదిలో ఉంచాలి. ట్రిగ్గర్ నొక్కిన క్షణంలో గురి కదిలినదీ లేనిదీ గమనిస్తారు. గాలి ప్రభావం, తుపాకీ వెనుదన్ను మాత్రం మైదానంలోనే బోధపడతాయి.

భద్రత

ఒక ఆధారం నుండి మరొకదానికి కదిలేటపుడు రైఫిలు బోల్టు తెరచి ఉండాలి. ప్రమాదకరమైన తప్పిదం చేసినవారిని పోటీ నుండి తొలగిస్తారు. భారతదేశంలో తుపాకులు కలిగి ఉండడం 1959 నాటి ఆయుధాల చట్టానికి లోబడి ఉంటుంది.