డి.వి.నరసరాజు

దాట్ల వెంకట నరసరాజు (1920–2006) తెలుగు సినిమా కథ, మాటల రచయిత. గుంటూరు జిల్లా సత్తెనపల్లి ప్రాంతంలోని తాళ్లూరులో జూలై 15న పుట్టారు. కుర్రతనంలోనే హేతువాది ఎం.ఎన్.రాయ్ భావాలు ఒంటబట్టాయి. గుంటూరు, తెనాలి ఆ రోజుల్లో రాయిస్టులకు ఆటపట్టు. ముందు నాటకాలు రాశారు; వాటిలో ఒకదాని పేరే ‘నాటకం’. అది చూసిన దర్శకుడు కె.వి.రెడ్డి ఆయన్ను సినిమాకు పిలిచారు.

అలా వచ్చిందే ‘పెద్దమనుషులు’ (1954). ఇబ్సెన్ నాటకం ఛాయలున్నా ఊరు మనదే, మునిసిపాలిటీ మనదే. లోపల కుళ్లు పెట్టుకుని నలుగురిచేతా దండాలు పెట్టించుకునే ఛైర్మన్ ధర్మారావు ఒకవైపు. నిజాలు మాట్లాడతాడు కాబట్టి పిచ్చివాడనిపించుకున్న తిక్క శంకరయ్య ఇంకోవైపు. రాయిస్టు ఉపన్యాసంలో చెప్పే మాటల్ని శంకరయ్య వేషం వేసిన రేలంగి నోట పెట్టి జనాన్ని నవ్వించడమే నరసరాజు నేర్పు. ఆ ఏడాది తెలుగులో ఉత్తమ చిత్రంగా రాష్ట్రపతి రజత పతకం దానికే దక్కింది. తర్వాత ‘దొంగరాముడు’ (1955), ‘గుండమ్మకథ’ (1962) వచ్చాయి.

‘రాముడు భీముడు’ కథ చాలాకాలం ఆయన దగ్గరే పడి ఉంది. కారంచేడు నుంచి మద్రాసు వెళ్లిన డి.రామానాయుడు 1964లో దాన్ని సురేష్ ప్రొడక్షన్స్ తొలి చిత్రంగా తీశారు. కొరడా చూస్తేనే వణికే రాముడి చోటికి అతని కవల సోదరుడు భీముడు వస్తాడు. అదే కొరడా లాక్కుని బావ గజేంద్రకు రుచి చూపిస్తాడు. హాల్లో ఈలలు ఆ ఒక్క సీనుకే. తమిళంలో ఎం.జి.ఆర్. (1965), హిందీలో దిలీప్ కుమార్ (1967) అదే కథ ఆడారు.

దేవుణ్ణి నమ్మని మనిషే ‘భక్తప్రహ్లాద’కు (1967) మాటలు రాశారు. హిరణ్యకశిపుడి వాదాన్ని మాత్రం ఎక్కడా చులకన చేయలేదు. ‘యమగోల’లో (1977) యమలోకానికే యూనియన్ గొడవ తెచ్చిపెట్టారు.

‘కారు దిద్దిన కాపురం’కు (1986) తానే దర్శకుడు. ‘ఈనాడు’లో ‘అక్షరజాలం’ శీర్షిక నడిపారు. 2006 ఆగస్టు 28న కన్నుమూశారు. ఈ హేతువాది తన జీవితకథకు పెట్టుకున్న పేరు ‘అదృష్టవంతుని ఆత్మకథ’.