మైదానం పేరు విజయం

ఊళ్ళ పేర్లకీ, వీధుల పేర్లకీ అర్థాలు వెతకడం నాకున్న దురలవాట్లలో ఒకటి. అర్థం దొరికాక ఊరుకోవచ్చు కదా, ఊరుకోను. ఆ పేరు ఎవరి సంబరంలోంచి పుట్టిందో, ఆ సంబరం ఎవరికి ఏడుపయిందో కూడా ఆరా తీస్తాను. హైదరాబాదు బషీర్‌బాగ్‌లో, నిజాం కాలేజీ పక్కనే వున్న స్టేడియాన్ని పాతకాలంవాళ్ళు ఇప్పటికీ ఫతే మైదాన్ అనే అంటారు. ఫతే అంటే విజయం. ఎవరి విజయమండీ అంటే, 1687లో ఎనిమిది నెలలపాటు గోల్కొండని ముట్టడించి పడగొట్టిన ఔరంగజేబుది! ఆయన సైన్యం ఇక్కడే గుడారాలు వేసుకుందనీ, కోట చేతికొచ్చిన ఆనందంలో ఈ పేరు పెట్టారనీ చెబుతారు. అంటే, మన ఊరు ఓడిపోయిన రోజుకి గుర్తుగా పెట్టిన పేరుని మనమే మూడొందల ఏళ్ళకి పైగా ముద్దుగా పిలుచుకుంటున్నామన్నమాట.

ఆ తర్వాత ఆ నేల చాలా చూసింది. నిజాం ప్రభువుల కాలంలో అక్కడ గుర్రాలెక్కి పోలో ఆడారు. 1950 ప్రాంతంలో స్టేడియం లేచింది. 1955లో అక్కడ మొదటి టెస్టు మ్యాచి జరిగితే, పాలీ ఉమ్రిగర్ 223 పరుగులు కొట్టాడు. టెస్టుల్లో భారతీయుడు చేసిన మొట్టమొదటి డబుల్ సెంచరీ అదే. ఆ మైదానంలో మొత్తం జరిగినవి మూడే టెస్టులు, 1955లో, 1969లో, 1988లో. మూడుసార్లూ వచ్చిన చుట్టాలు న్యూజీలాండువాళ్ళే కావడం ఓ చిత్రం. 1967లో స్టేడియానికి లాల్‌బహదూర్ శాస్త్రిగారి పేరు పెట్టారు. 1983 జనవరి 9న నందమూరి తారక రామారావుగారు ముఖ్యమంత్రిగా ప్రమాణం చేసింది అక్కడే. 2023 డిసెంబరు 7న రేవంత్‌రెడ్డిగారు చేసిందీ అక్కడే. క్రికెట్టూ, రాజకీయమూ రెండూ ఆ గ్యాలరీల్ని నింపాయి. అందరికీ గుర్తున్నవీ అవే.

కాని ఫతే అనే మాటని నిజంగా సంపాదించుకున్నవాళ్ళు వేరే వున్నారు. వాళ్ళు చక్రవర్తులు కారు, మంత్రులు కారు. పోలీసులు! పోలీసు టోపీ కనబడితే సందులోకి తప్పుకునే జనాన్ని మనం చూశాం గాని, పోలీసుల్ని భుజాల మీద ఎక్కించుకుని ఊరేగించాలనిపించే రోజులు ఈ ఊళ్ళో వుండేవంటే నమ్మడం కష్టమే. హైదరాబాద్ సిటీ పోలీసు ఫుట్‌బాల్ జట్టు 1950 నుంచి 1954 దాకా వరసగా అయిదేళ్ళు బొంబాయిలో రోవర్స్ కప్పు గెలిచింది. ఒకసారి కాదు, రెండుసార్లు కాదు, అయిదు! అప్పట్లో ఢిల్లీలో జరిగే డ్యూరాండ్ కప్పుని 1950లో కలకత్తా మోహన్ బగాన్ చేతుల్లోంచి లాక్కుంది. మొదటి రోజు సమానమై, రెండోసారి ఆడితేగాని తేలలేదు. తర్వాత 1954లోనూ, 1957లోనూ మళ్ళీ గెలిచారు. రాష్ట్రం పేరు మారి, జట్టు ఆంధ్రా పోలీసు అయ్యాక 1961లోనూ తెచ్చారు. బొంబాయివాళ్ళకీ కలకత్తావాళ్ళకీ హైదరాబాదంటే బిర్యానీ కన్నా ముందు ఫుట్‌బాల్ గుర్తొచ్చిన కాలమది.

ఈ కథకి ఓ సూత్రధారి వున్నాడు. ఆయన పెద్ద ఉద్యోగి ఏమీ కాదు. బడి పంతులు. పేరు సయ్యద్ అబ్దుల్ రహీం. 1909లో పుట్టాడు, ఉస్మానియాలో బి.ఏ. చదివాడు, కాచిగూడ, చాదర్‌ఘాట్ వంటి చోట్ల బళ్ళల్లో పాఠాలు చెప్పాడు. ‘బి.ఏ. చదివి ఏం ఒరగబెడతావు’ అని మా ఇంట్లో నన్నడిగినవాళ్ళందరికీ ఈయన్ని చూపించి వుండాల్సింది! 1940ల్లో హైదరాబాదు ఫుట్‌బాల్ సంఘం కార్యదర్శి అయి, చనిపోయేదాకా అదే పనిలో వున్నాడు. 1950లో సిటీ పోలీసు జట్టుకీ, భారత జట్టుకీ కూడా కోచ్ అయ్యాడు. అందరికీ ఆయన రహీం సాబ్. మన భాషలో చెప్పాలంటే మాస్టారు.

మాస్టారి పద్ధతులు వింటే ముచ్చటేస్తుంది. బంతిని కాళ్ళ దగ్గరే వుంచుకుని షోకులు పోవడం అప్పట్లో గొప్ప. ఆయన అది నిషేధించి పోటీలు పెట్టాడు. బంతి వచ్చిందా, ఒకటి రెండు తన్నుల్లో ఇంకొకరికి ఇచ్చెయ్యాలి. ఇంకో పోటీలో అలవాటైన కాలితో తన్నకూడదు, రెండో కాలితోనే ఆడాలి. కుడిచేత్తో అట్టు తిప్పేదాన్ని ఎడంచేత్తో తిప్పమంటే ఎలా వుంటుందో ఊహించుకోండి. మొదట్లో పెనం మీద ముక్కలే మిగులుతాయి. అయితే ఆర్నెల్లు తిరిగేసరికి రెండు చేతులూ కుడిచేతులే అవుతాయి. పోలీసు జట్టు కాళ్ళు అట్లా తయారయ్యాయి. ఖరీదైన సామానేమీ అక్కర్లేదు దీనికి. చదును నేల, ఓ బంతి, చెప్పేవాడి బుర్ర వుంటే చాలు.

సికింద్రాబాదు అమ్ముగూడలో బీద తమిళ కుటుంబంలో పుట్టిన కుర్రాడు తులసీదాస్ బలరాం. ఆట చూసి రహీం సాబ్ రమ్మన్నాడు. కుర్రాడికి రావాలనే వుంది. సికింద్రాబాదు నుంచి హైదరాబాదుకి రోజూ రావడానికి చేతిలో డబ్బుల్లేవు. మాస్టారు ఉపన్యాసం ఇవ్వలేదు, దరఖాస్తు రాసుకోమనలేదు. సైకిలు అద్దెకి డబ్బులిచ్చాడు. అంతే! ఆ అద్దె సైకిలు ఆ కుర్రాణ్ణి 1956లో మెల్‌బోర్న్ ఒలింపిక్స్ దాకా, 1960లో రోము దాకా, 1962లో జకార్తా దాకా తీసుకెళ్ళింది. ప్రభుత్వాలు కోట్లు పోసి స్టేడియాలు కట్టడం నాకు తెలుసు. వాటిల్లో ఏ ఇటుకా ఆ సైకిలు అద్దె చేసినంత పని చేసిందనుకోను.

1952లో హెల్సింకీ ఒలింపిక్స్‌లో మనవాళ్ళు చాలామంది వట్టికాళ్ళతో ఆడి యుగోస్లావియా చేతిలో పదికి ఒకటితో ఓడిపోయారు. అప్పటికీ కోచ్ రహీం సాబే. నాలుగేళ్ళు తిరిగేసరికి బూట్లు తొడిగించి, ఆట మార్చి, మెల్‌బోర్న్‌లో ఆ దేశం గడ్డమీదే ఆస్ట్రేలియాని 4–2తో ఓడించి, జట్టుని నాలుగో స్థానంలో నిలబెట్టాడు. ఒలింపిక్ ఫుట్‌బాల్‌లో భారతదేశం ఇంతవరకూ అంతకన్నా పైకి పోలేదు. అజీజుద్దీన్, నూర్ మహమ్మద్, లతీఫ్, అహ్మద్ హుస్సేన్, జుల్ఫికరుద్దీన్ లాంటి మన ఊరివాళ్ళు ఆ బండిలో వున్నారు.

1962 సెప్టెంబరు 4న జకార్తాలో ఆసియా క్రీడల ఫైనలు. ఇజ్రాయెల్, తైవాన్ జట్లని రానివ్వలేదన్న గొడవలో మనదేశపు అధికారి ఏదో అన్నారని ఆ ఊరు ఊరంతా మనమీద మండిపడుతోంది. లక్షమంది పట్టే స్టేడియంలో మనకి చప్పట్లు కొట్టే చెయ్యి లేదు. మాస్టారికి అప్పటికే ఊపిరితిత్తుల కాన్సరు. ముందురోజు రాత్రి పిల్లల్ని కూచోబెట్టి, రేపు నాకో బహుమానం కావాలి, బంగారు పతకం ఇవ్వండి అని అడిగాడని జట్టులోవాళ్ళు తర్వాత తల్చుకుని తల్చుకుని చెప్పుకున్నారు. మర్నాడు దక్షిణ కొరియాని 2–1తో గెలిచారు. హైదరాబాదులో పుట్టిన పీటర్ తంగరాజ్ గోలు కాశాడు. ఆంధ్రా పోలీసు యూసుఫ్ ఖాన్ తలకి దెబ్బలు తిని వున్నాడు, కాని ఆ జట్టులో వెనక్కి తగ్గలేదు. తొమ్మిది నెలలు తిరిగాయి. 1963 జూన్ 11న రహీం సాబ్ పోయాడు. భారతదేశం ఆసియా క్రీడల్లో ఫుట్‌బాల్ బంగారం మళ్ళీ ముట్టుకోలేదు.

ఇంత జరిగితే తెలుగులో మనం ఏం రాసుకున్నాం? నాకు తెలిసిన నవలల్లో హీరో ఆరడుగులుంటాడు, కారు నడుపుతాడు, క్లబ్బులో టెన్నిస్ ఆడతాడు. సాయంకాలం మైదానంలో దుమ్ము కొట్టుకుపోయి, పొద్దున్నే డ్యూటీకెళ్ళే ఫుట్‌బాల్ కానిస్టేబుల్ ఒక్కడూ హీరో కాలేదు. కారణం నాకు తోచింది చెబుతాను. ఆ ఆట ఉర్దూలో జరిగింది. గల్లీల్లో, చాయ్ హోటళ్ళల్లో, లష్కరు తమిళ కుటుంబాల్లో, ఆంగ్లో ఇండియన్ల ఇళ్ళల్లో జరిగింది. మనం తెలుగు పత్రికలు చదువుకుంటూ, అది మన ఇల్లు కాదన్నట్టు పక్కనుంచి నడిచి వెళ్ళిపోయాం. ఒకే ఊళ్ళో రెండు భాషలుంటే ఒక భాషలో వున్నవాళ్ళ గెలుపు రెండో భాషలో వున్నవాళ్ళకి వినబడదేమో! చివరికి 2024లో ఒక హిందీ సినిమా వస్తేగాని, మన పిల్లలకి రహీం సాబ్ ఎవరో తెలియలేదు.

మాస్టారు పోయాక ఏమైంది? 1965–66లో ఆంధ్రప్రదేశ్ జట్టు సంతోష్ ట్రోఫీ గెలిచింది. అంతటితో ఆ దీపం కొడిగట్టింది. ఆటగాళ్ళు పుట్టడం మానలేదు, ఇక్కడ వుండటం మానేశారు. కలకత్తా క్లబ్బులు డబ్బిచ్చాయి, పేరిచ్చాయి, లక్షల అభిమానుల్నిచ్చాయి. బలరాం 1957లోనే ఈస్ట్ బెంగాల్‌కి వెళ్ళాడు. 2023 ఫిబ్రవరిలో ఆ ప్రాంతంలోనే కన్నుమూశాడు. నయీముద్దీన్ వెళ్ళాడు. 1970 బాంకాక్‌లో కంచు పతకం తెచ్చిన జట్టుకి ఆయనే కెప్టెను. షబ్బీర్ అలీ వెళ్ళాడు. హబీబూ, తమ్ముడు అక్బరూ వెళ్ళారు. 1977 సెప్టెంబరులో పేలే అంతటివాడు కలకత్తా వచ్చి న్యూయార్క్ జట్టుతో ఆడితే, మోహన్ బగాన్ 2–2తో నిలబడింది. అందులో ఓ గోలు మన హబీబుది. అక్కడ ఆయన్ని బడే మియా అని నెత్తిన పెట్టుకున్నారు. 2023 ఆగస్టు 15న, ఊరంతా జెండాలెగరేస్తుండగా, హైదరాబాదులోనే పోయాడు. ఆడపిల్ల అత్తారింట్లో వెలిగి పుట్టింట్లో అనామకురాలైనట్టు అనిపించింది నాకా వార్త చదివితే.

ఇప్పుడు స్టేడియాల కేమీ కొదవ లేదు. గచ్చిబౌలిలో బాలయోగిగారి పేరుమీద చక్కటి స్టేడియం వుంది. 2003లో ఆఫ్రో ఆసియా క్రీడలు వైభవంగా జరిగాయక్కడ. 2019లో హైదరాబాద్ ఎఫ్.సి. అనే జట్టొచ్చింది. పూణే జట్టు పోతే దాని చోట్లో వచ్చిన జట్టు. 2022 మార్చి 20న ఇండియన్ సూపర్ లీగ్ గెలిచింది కూడా. గెలిచింది గోవాలో. కోచ్ స్పెయిన్ ఆయన. ఆటగాళ్ళు గోవా, మణిపూర్, నైజీరియా నుంచి వచ్చారు. వాళ్ళ ఆటకి వంక పెట్టను, చక్కగా ఆడారు. కాని డబ్బుల ఇబ్బందులొచ్చాయి, యాజమాన్యం మారింది. 2025లో జట్టు పేరు మార్చుకుని ఢిల్లీకి వెళ్ళిపోయింది. అద్దెకున్నవాళ్ళు సామాను సర్దుకుని వెళ్ళినట్టే! 2024 డిసెంబరు 31న అదే గచ్చిబౌలిలో సంతోష్ ట్రోఫీ ఫైనలు జరిగితే ఆడింది బెంగాలూ కేరళానూ. పందిరి మనది, పెళ్ళి వాళ్ళది.

స్టేడియం ముందా, జట్టు ముందా అని నన్నడిగితే నా దగ్గర ఒకటే లెక్క వుంది. స్టేడియం కట్టడానికి రెండు మూడేళ్ళు పడుతుంది. రహీం సాబ్‌కి జట్టు కట్టడానికి దాదాపు జీవితం పట్టింది. స్టేడియానికి తాళం వేస్తే అలాగే వుంటుంది. జట్టుకి తాళం వెయ్యలేం. బడి మైదానాల్లో సాయంత్రాలు పిల్లలు బంతి తన్నకపోతే ఏ గ్యాలరీ కిందా జట్టు మొలవదు.

ఆశ లేదా అంటే, వుంది. ఈసారి దాని పేరు గుగులోత్ సౌమ్య. నిజామాబాద్ జిల్లా తండాలో పుట్టిన పిల్ల. దేశం తరఫున ఆడుతోంది. 2024–25 సంవత్సరానికి దేశంలో ఉత్తమ మహిళా ఫుట్‌బాల్ క్రీడాకారిణి ఆమే. ఆ యేడు ఆమె ఆడి జాతీయ లీగు గెలిపించిన జట్టు ఏదో చెప్పమంటారా? కలకత్తా ఈస్ట్ బెంగాల్! బలరాం నడిచిన దారే. సంతోషించాలో, నిట్టూర్చాలో తెలియలేదు. రెండూ చేశాను.

పిల్లలు ఎక్కడికన్నా వెళ్ళనీండి, గెలవనీండి. పిల్ల పెద్దదై వెళ్ళిపోయిందని తల్లి ఏడుస్తుంది గాని ఆపదు. కాని తర్వాతి పిల్ల ఎక్కడినుంచి వస్తుందన్నదే ప్రశ్న. ఏ తండాలోనో, ఏ గల్లీలోనో ఇవాళ ఓ పిల్ల బంతి తన్నుతూ వుంటుంది. మైదానానికి రావడానికి ఆ పిల్ల దగ్గర బస్సు డబ్బులుండవు. కప్పు ఏ ఊళ్ళో గెలిచినా ఫరవాలేదు. సైకిలు అద్దె మాత్రం సొంత ఊరే ఇవ్వాలి.