లిటరరీ డైజెస్ట్ ఆఖరి లెక్క

1936 ఆగస్టు. న్యూయార్క్ ఫోర్త్ అవెన్యూలో, కార్లు బారులు తీరే వీధికి చాలా ఎత్తున, ఒక పెద్ద గదిలో నాలుగు వందల మంది కవర్లలో కాగితాలు పెడుతున్నారు. ఒక్కో కవరు ఒక్కో ఓటరుకు వెళ్తుంది. రాబోయే అధ్యక్ష ఎన్నికలో మీ ఓటు ఎవరికో గుర్తు పెట్టి పంపండని లోపలి కాగితం అడుగుతుంది. అలాంటి కవర్లు దాదాపు కోటి. అమెరికాలో ప్రతి నలుగురు ఓటర్లలో ఒకరికి అందేటంత.

ఆ పని తలకెత్తుకున్నది లిటరరీ డైజెస్ట్. 1890లో ఐజాక్ ఫంక్ పెట్టిన వారపత్రిక. దేశంలోని పత్రికలన్నీ ఏమంటున్నాయో ఒకచోట కూర్చి పాఠకుడి ముందుంచడం దాని వృత్తి. 1920ల చివరికి పది లక్షల ప్రతులు దాటింది. 1916 నుంచి అధ్యక్ష ఎన్నిక వచ్చిన ప్రతిసారీ పోల్ నిర్వహించింది, ప్రతిసారీ గెలిచేవాడి పేరు ముందే చెప్పింది. 1932లో రూజ్‌వెల్ట్‌కు వచ్చే ఓట్లను ఒక్క శాతం తేడా లోపు పట్టుకుంది. అంతటి కీర్తి వచ్చాక ఆ పత్రిక మాటను జనం నమ్మడంలో వింతేముంది? తన మాటను తాను నమ్మడంలో మాత్రం ఏం వింత?

ఈసారి, అధ్యక్షుడిగా ఉన్న రూజ్‌వెల్ట్ మీద పోటీకి నిలిచినవాడు కాన్సస్ గవర్నర్ ఆల్ఫ్ లాండన్. చిరునామాలు ప్రధానంగా టెలిఫోన్ డైరెక్టరీల నుంచి, కార్ల రిజిస్ట్రేషన్ జాబితాల నుంచి వచ్చాయి. ఆర్థిక మాంద్యం ఇంకా వీడని దేశంలో ఫోనూ కారూ ఉన్న ఇల్లు ఎవరిదో వేరే చెప్పక్కర్లేదు. ఉన్నవాడూ లేనివాడూ ఓటులో అంతగా వేరుపడని రోజుల్లో ఈ జాబితాలు అక్కరకొచ్చాయి. మాంద్యాన్ని ఎదుర్కోవడానికి రూజ్‌వెల్ట్ తెచ్చిన న్యూడీల్ పథకాలు వచ్చాక ఆ ఇద్దరూ రెండు దారులు పట్టారు. జాబితాలు మాత్రం పాత దారినే ఉన్నాయి.

హెచ్చరిక రాకపోలేదు. జార్జ్ గాలప్ అనే యువకుడు జూలైలోనే, డైజెస్ట్ ఇంకా ఒక్క కవరైనా పంపకముందే, దాని పోల్‌లో లాండన్‌కు 56 శాతం వస్తుందనీ, అది తప్పవుతుందనీ పత్రికల్లో రాశాడు. డైజెస్ట్ వాడే తరహా జాబితాల నుంచే మూడు వేల మందికి పోస్టుకార్డులు పంపి అతను ఆ లెక్క తేల్చాడు. సంపాదకుడు విల్‌ఫ్రెడ్ ఫంక్‌కు కోపం వచ్చింది. పోల్ మొదలుకాకముందే దాని ఫలితం చెప్పేవాడు ఎక్కడైనా ఉంటాడా అని బహిరంగంగానే నిలదీశాడు. ఆ కోపంలో నాకు అహంకారం కన్నా నొప్పే ఎక్కువ కనిపిస్తుంది. ఇరవై ఏళ్ల కష్టాన్ని ఒక కొత్తవాడు మూడు వేల కార్డులతో కొలిచేస్తే ఎవరికైనా కష్టంగానే ఉంటుంది.

జవాబులు వచ్చిపడ్డాయి. దాదాపు 24 లక్షలు. ఒక్కోటీ మూడుసార్లు సరిచూశారు. అక్టోబరు 31 సంచికలో అచ్చువేశారు: లాండన్ 12,93,669, రూజ్‌వెల్ట్ 9,72,897. ఇద్దరి మధ్య చూస్తే 57కి 43. గాలప్ చెప్పినదానికి ఒక్క శాతం తేడా. ఈ అంకెలను తాము సవరించలేదనీ, వచ్చినవి వచ్చినట్టే ఇస్తున్నామనీ పత్రిక గర్వంగా చెప్పుకుంది. మిమ్మల్ని ఎవరు కొనేశారని అడిగినవాళ్లకూ అదే సంచికలో బదులిచ్చింది. నిజానికి డైజెస్ట్‌ను ఎవరూ కొనలేదు. లెక్కలో దొంగతనం లేదు, కూడికలో తప్పు లేదు. ఇంత నిజాయితీగా చేసిన పని ఇంత దారుణంగా తప్పడమే ఈ కథలో నన్ను ఎక్కువగా బాధపెట్టే సంగతి.

నవంబరు 3న ఓట్లు పడ్డాయి. రూజ్‌వెల్ట్‌కు దాదాపు 61 శాతం. 48 రాష్ట్రాల్లో 46 ఆయనవే. లాండన్‌కు మిగిలినవి మెయిన్, వెర్మాంట్. ఎలక్టోరల్ ఓట్లు 523కి 8.

పది రోజులు తిరిగేసరికి డైజెస్ట్ తన తప్పు తానే వెతుక్కుంటూ ఒక వ్యాసం వేసింది. పేదల్ని అడగలేదన్న విమర్శను అందులో ప్రస్తావించి, షికాగో సంగతి ముందుపెట్టింది. అక్కడ ఓటర్ల జాబితాలో ప్రతి ముగ్గురిలో ఒకరికి బ్యాలెట్ పంపారు. ఫోన్లతో, కార్లతో పనిలేదు. జవాబిచ్చింది దాదాపు ఇరవై శాతం మంది, అందులో సగానికి పైగా లాండన్‌కే. అదే నగరం రూజ్‌వెల్ట్‌కు మూడింట రెండు వంతుల ఓట్లు వేసింది. ఇదెలా జరిగిందో సంపాదకులకు అంతుపట్టలేదు. అసలు జబ్బు వాళ్ల చేతిలోని ఆ షికాగో లెక్కలోనే ఉంది. జాబితా ఎంత మంచిదైనా, కవరు విప్పి, గుర్తు పెట్టి, తిరిగి పోస్టు చేసే ఓపిక ఉన్నవాళ్లు ఒక తీరు మనుషులు, పక్కన పడేసినవాళ్లు ఇంకో తీరు. ప్రభుత్వం మీద మండిపడుతున్నవాడు జవాబు రాస్తాడు. తృప్తిగా ఉన్నవాడికి ఆ తొందర ఉండదు. వచ్చిన 24 లక్షల్ని మూడుసార్లు సరిచూసినవాళ్లు, రాని 76 లక్షల వైపు ఒక్కసారైనా చూడలేదు.

ఆ రోజుల్లోనే బెంగాల్‌లో గణాంక శాస్త్రవేత్త మహలనోబిస్ బృందం జనపనార విస్తీర్ణాన్ని నమూనాలతో అంచనా వేసే పనిలో దిగింది. పొలం ఉత్తరం రాయదు కదా. యాదృచ్ఛికంగా ఏ చోటు ఎంపికైతే అక్కడికి మనిషే నడిచి వెళ్లాలి. ఎంపికైన వాళ్ల దగ్గరికి తామే వెళ్లడం అనే ఆ ఒక్క నియమం డైజెస్ట్ పోల్‌లో లేదు.

పత్రిక తర్వాత ఎన్నాళ్లో నిలవలేదు. ఆ పోల్ ఒక్కటే దాన్ని చంపిందనడం న్యాయం కాదు, చందాదారులు అప్పటికే తగ్గుతూ వచ్చారు. 1937లో చేతులు మారి రివ్యూ ఆఫ్ రివ్యూస్‌తో కలిసింది. 1938 ఫిబ్రవరిలో అచ్చు ఆగింది. అదే ఏడాది టైమ్ పత్రికలో కలిసిపోయింది.

డైజెస్ట్ బ్యాలెట్ మీకు అందిందా, తిరిగి పంపారా, ఓటు ఎవరికి వేశారు అని 1937లో గాలప్ సంస్థ జనాన్ని అడిగి ఉంచింది. ఆ జవాబుల్ని పెవరిల్ స్క్వైర్ అనే రాజనీతి పరిశోధకుడు 1988లో బయటికి తీసి లెక్కించాడు. జాబితాలు లాండన్ వైపు మొగ్గిన మాట నిజమే, కానీ జవాబులు రాకపోవడం అంతకు మించిన దెబ్బ కొట్టింది. బ్యాలెట్ అందిన వాళ్లందరూ తిరిగి పంపి ఉంటే, ఆ వంకర జాబితాలతోనే, ఆధిక్యం తగ్గించి చూపినా సరే, గెలిచేది రూజ్‌వెల్టేనని డైజెస్ట్ అచ్చువేసి ఉండేది.